ఈల టీచరమ్మ కుర్చీ కేసు

మా బడిలో ముప్పై ఆరేళ్లు గంట కొట్టాను. తొమ్మిదిమంది పెద్దమాస్టార్ల దగ్గర పనిచేశాను. ఆ తొమ్మిదిమంది చేతిరాతలూ, వాళ్లింట్లోవాళ్లు కూడా చదవలేనివి, నేను గడగడా చదివేవాణ్ణి. నా చదువు మా ఊరి బడిలో ఐదో తరగతి వరకే. అయినా తరగతి మొత్తానికి మొదటివాడిగా పాసయ్యాను. తరగతిలో ఉన్నది ముగ్గురమే, అందులో ఒకడికి పరీక్షనాడు జ్వరం అన్నది వేరే సంగతి. ఇదంతా ఎందుకంటే, ఈల టీచరమ్మ కేసు గురించి నలుగురూ నాలుగు రకాలుగా చెప్పుకుంటున్నారు. ఆ నలుగురిలో ఒక్కరూ ఆ రోజు కోర్టులో లేరు. నేను ఉన్నాను.

ఈల టీచరమ్మ అంటే మా బడి డ్రిల్లు టీచరు. ఉద్యోగంలో చేరడానికి సైకిలు మీద వచ్చింది. మనిషి పొడుగు. చీర కుచ్చిళ్లు నేలకు జానెడు పైన, కాళ్లకు తెల్ల కాన్వాసు బూట్లు, మెడలో ఈల. అప్పటి పెద్దమాస్టారు కళ్లజోడు సవరించుకుని ఆమె వెనక్కి తొంగి చూశారు.

"డ్రిల్లు మాస్టారు ఏరమ్మా?"

"నేనే సార్."

"అది కాదమ్మా. పిల్లల చేత డ్రిల్లు చేయించే మనిషి."

ఆమె గిర్రున వెనక్కి తిరిగింది. వరండాలోకి వెళ్లి ఒక్క ఈల వేసింది. మైదానంలో మూడువందలమంది పిల్లలు ఎక్కడివాళ్లక్కడ బిగుసుకుపోయారు. సైన్సు మాస్టారి చేతిలోంచి గాజు గొట్టం జారి భళ్లుమంది. పెద్దమాస్టారు దిగ్గున లేచి నిలబడి, ఎందుకు లేచానా అని తన కుర్చీ వైపు తనే చూసుకున్నారు. నేను మాత్రం గంట తాడు వదల్లేదు. అది చెప్పుకోవాలి.

ఆమె భర్త బస్సు కండక్టరు. ఆ ఇంట్లో రెండు ఈలలన్నమాట. ఆయన ఈల వేస్తే బస్సు ఆగేది, ఈమె ఈల వేస్తే ఆయన ఆగేవాడు. ఈ మాట నేను పుట్టించింది కాదు, ఆయనే టిక్కెట్లు చింపుతూ ప్రయాణికులకు చెప్పేవాడు.

ముప్పై ఒక్కేళ్లు ఆమె మా మైదానాన్ని ఏలింది. ఆఫీసు బీరువా మీదున్న కప్పుల్లో పదకొండు ఆమె పిల్లలు గెలిచినవే. వాటిని వారం వారం తుడిచి తళతళలాడించింది నేను. ఆ ఎండలో నిలబడే డిగ్రీ ప్రైవేటుగా కట్టి పాసైంది, తర్వాత దూరవిద్యలో బి.ఇడి. కూడా. ఒక చేతిలో పుస్తకం, ఇంకో చేతిలో స్టాప్‌వాచీ పట్టుకుని చదివిన మనిషి ఈమె తప్ప ఇంకొకరుంటే నాకు చూపించండి. ఇన్ని చేసినా, టీచర్ల మీటింగులో ఆమె కుర్చీ ఎప్పుడూ తలుపు పక్కనే. "నువ్వెలాగూ బయటికి పోయేదానివే కదమ్మా" అనేవాళ్లు. ముప్పై ఒక్కేళ్లూ నవ్వుతూనే కూర్చుంది.

తొమ్మిదో పెద్దమాస్టారు రిటైరవగానే సీనియారిటీ జాబితా గోడకెక్కింది. మా బడిలో బదిలీలు లేవు, చేరినవాళ్లు ఇక్కడే చేరి ఇక్కడే రిటైరవ్వాలి. కాబట్టి జాబితాలో ఎవరి పేరు పైనుంటే వాళ్లదే పెద్ద కుర్చీ. అందరికంటే పైన ఈల టీచరమ్మ. ఆమె కింద లెక్కల మాస్టారు.

ఈ లెక్కల మాస్టారిని పిల్లలు సున్నా మాస్టారు అనేవాళ్లు. ఎవరికీ ఊరికే మార్కులు వేసే మనిషి కాదు. మంచివాడు, లెక్కంటే ప్రాణం పెడతాడు. కాకపోతే మధ్యాహ్నం అన్నం తినగానే ఆయన కళ్లు వాటంతటవే మూతలు పడేవి. టీచరమ్మ కంటే మూడేళ్లు చిన్న. ఆమె రిటైరవడానికి ఇక పదకొండు నెలలే. ఆ పదకొండు నెలలు ఓపిక పడితే కుర్చీ నడుచుకుంటూ ఆయన దగ్గరికే వచ్చేది. కానీ వాళ్లావిడ పుట్టింటివాళ్లందరికీ అప్పటికే కబురు పెట్టేసింది. గేటుకు కొట్టడానికి 'ప్రధానోపాధ్యాయులు' అని బోర్డు కూడా రాయించేసింది. ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నట్టు.

ఆయన కోర్టుకెళ్లాడు. రూలు పుస్తకంలో 'పదిహేనేళ్ల బోధనానుభవం' అని ఉందట. ఈల ఊదడం బోధన కాదని ఆయన వాదన. కోర్టువారు స్టే ఇచ్చారు. కేసు తేలేదాకా తాళాలు లెక్కల మాస్టారి దగ్గర, వాయిదాలు మా దగ్గర. కేసు తేలకముందే టీచరమ్మ రిటైరైపోతే ఇక తేలడానికేమీ ఉండదు. పదకొండు నెలలు పది అయ్యాయి. తొమ్మిదయ్యాయి. ఎనిమిదయ్యాయి.

నేను అప్పటికే రిటైరై, బడి వెనక సందులో ఉంటున్నాను. ఒక సాయంత్రం ఆమె మా అరుగు మీద కూలబడింది.

"బాబాయ్, కుర్చీ పోతే పోయింది. ముప్పై ఒక్కేళ్లు నేను చేసింది పనే కాదంటున్నారు చూడు, అదే మింగుడుపడట్లేదు."

"నువ్వు పాఠాలు చెప్పలేదని ఎవడన్నాడు? ఖాళీ పీరియడంటే నువ్వేగా వెళ్లేదానివి!"

"వెళ్లానని నేను చెబితే సరిపోద్దా? కాగితం కావాలంట కోర్టుకి."

"కాగితమా?" అన్నాను. అని గబుక్కున లేచాను. అరవై ఎనిమిదేళ్ల వయసులో అంత గబుక్కున లేచినవాణ్ణి ఆ సందులో ఎవరూ చూసి ఉండరు.

సంగతేమిటంటే, మా బడిలో సర్దుబాటు పుస్తకం అని ఒకటుంది. ఒక టీచరు క్లాసుకు వెళ్లలేకపోతే, బదులు ఎవరు వెళ్తున్నారో అందులో రాసి సంతకం చేయాలి. టీచరమ్మకు దిద్దాల్సిన పేపర్లుండవు కాబట్టి అందరి చూపూ ఆమె మీదే. ఒకాయనకు పన్ను నొప్పి, ఒకావిడకు చుట్టాలు, ఇంకొకాయనకు ఊరికే. "ఈల టీచరమ్మ చూస్తారు" అని గీకి, పుస్తకం నా చేతికిచ్చి తుర్రుమనేవాళ్లు. అక్కడితో ఆగినా బాగుండేది. తనిఖీకి వచ్చినవాళ్లు 'ఆ పీరియడులో ఏం జరిగింది?' అని నిలదీస్తారని భయం. అందుకని ఎదుటి గడిలో పాఠం పేరు కూడా రాసి, 'బోధించబడినది' అని చేర్చేవాళ్లు. అలా రాయడంలో లెక్కల మాస్టారిని మించినవారు లేరు. నిద్ర ముంచుకొస్తున్నా చేతిరాత ముత్యాలే. ఏ గడీ ఖాళీగా వదిలే మనిషి కాదు.

ఆ పుస్తకాలను తూకానికి వేసేద్దామని ముగ్గురు పెద్దమాస్టార్లు అన్నారు. ముగ్గురికీ నేను అడ్డం పడ్డాను. అక్షరం ఉన్న కాగితాన్ని పారేయడం నా చేత కాదు. ముప్పై ఒక్క పుస్తకాలూ సామాన్ల గదిలో, విరిగిన బల్లల వెనక, నా హయాంలోవి నేను కట్టిన కట్టలు కట్టినట్టే, తర్వాతవి వాటి మీద పేర్చినట్టే ఉన్నాయి. టీచరమ్మ వకీలు దస్తావేజులు కావాలని కోర్టులో అడిగింది, కోర్టు ఇమ్మంది. ఇక మాస్టారు తలుపు తీయక తప్పలేదు. దుమ్ముకు తుమ్ముతూ, తాళం ఆయనే తీసి ఇచ్చారు పాపం.

ఆ వకీలు ఒకప్పుడు మా బడి పిల్లే. రిలే పరుగులో చివరి చుట్టు పరిగెత్తేది. చిన్న లాయరమ్మ అంటాం. పుస్తకాలు చూడగానే ఎగిరి గంతేసింది. కండక్టరుగారు సెలవు పెట్టి లెక్క తీయడానికి కూర్చున్నాడు. కదిలే బస్సులో తలలు లెక్కపెట్టిన మనిషికి కదలని గీతలొక లెక్కా? నేను తేదీలు చదవడం, ఆయన గీతలు పెట్టడం. మూడు రోజులకు లెక్క తేలింది. మొత్తం మూడువేల ఏడువందల నలభై ఒక్క పీరియడ్లు. అందులో ఒక్క లెక్కల మాస్టారి సంతకంతోనే వెయ్యిన్ని రెండువందల నాలుగు.

"ఏమోయ్ టీచరమ్మా," అన్నాడు కండక్టరుగారు పెన్సిలు చెవిలో దోపుకుంటూ, "ఇన్నిసార్లు లెక్కలు చెప్పినదానివి, ఇంట్లో ఒక్కరోజైనా నా లెక్క తప్పని చెప్పలేదేం?"

"చెప్పాను. మీరు రైట్ రైట్ అనుకుంటూ వెళ్లిపోయారు."

వాయిదా రోజు వచ్చింది. అప్పటికి ఆమె సర్వీసు నాలుగున్నర నెలలే మిగిలింది. కోర్టు హాలు చిన్నది. రెండు ఫ్యాన్లు, అందులో ఒకటి తిరుగుతున్నట్టు నటిస్తోంది. జడ్జిగారికి రెండు కళ్లజోళ్లు, ఒకటి కాగితాలకు, ఒకటి మనుషులకు. లెక్కల మాస్టారి వకీలు గొంతు మాత్రం ఊరంత. ఆయన "అయ్యా" అంటే కిటికీ అద్దాలు కూడా "అయ్యా" అనేవి.

"అయ్యా! ఇవి ఉత్త సర్దుబాట్లు! పిల్లలు గోల చేయకుండా ఒక మనిషిని కాపలా పెట్టడం! దీన్ని బోధన అంటే, గంట కొట్టేవాడు కూడా హెడ్మాస్టరవుతాడు!"

అందరూ నా వైపు చూశారు. నేను ఛాతీ కాస్త పొంగించాను. తప్పేముంది?

జడ్జిగారు కాగితాల కళ్లజోడు పెట్టుకుని ఒక పుస్తకం మధ్యలో తెరిచి పైకి చదివారు. "'మధ్యాహ్నం మొదటి పీరియడు. పైథాగరస్ సిద్ధాంతం. ఉదాహరణలు రెండు. బోధించబడినది. ఇంటిపని ఇవ్వబడినది.' ఏమండీ, కాపలా కాసేవాళ్లు ఇంటిపని ఇస్తారా?"

అని మనుషుల కళ్లజోడు మార్చుకుని మాస్టారిని చూశారు. "ఈ రాత మీదేనా?"

"నాదే సార్."

"రాసింది నిజమేనా?"

మాస్టారు పుస్తకం వైపు ఒకసారి, టీచరమ్మ వైపు ఒకసారి చూశారు. నిజమంటే టీచరమ్మ పాఠం చెప్పినట్టు. అబద్ధమంటే ఇరవై ఏడేళ్లు తను దొంగరాతలు రాసినట్టు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. ఆయన వకీలు ఆయన మోచేతిని ఒకటే గిల్లుతున్నాడు. దేనికి గిల్లుతున్నాడో ఆయనకూ తెలిసినట్టు లేదు.

"సరే, ముందు ఆవిణ్ణి అడుగుదాం," అన్నారు జడ్జిగారు. "చెప్పమ్మా. నిజంగా పాఠం చెప్పేదానివా?"

చిన్న లాయరమ్మ 'అవునను, అవునను' అని కళ్లతో బతిమాలుతోంది. టీచరమ్మ లేచి నిలబడింది.

"మొదటి రెండేళ్లు చెప్పలేదు సార్. నోళ్లు మూసుకుని కూర్చోండర్రా అనేదాన్ని. తర్వాత నాకే విసుగొచ్చి చెప్పడం మొదలుపెట్టాను. అన్నీ రావు సార్. నాకు వచ్చినవి చెప్పేదాన్ని."

చిన్న లాయరమ్మ మొహం పాలిపోయింది. ఎదుటి వకీలు "అయ్యా!" అని మొదలుపెట్టబోతే, జడ్జిగారు చెయ్యెత్తి ఆపారు.

"ఈ పైథాగరస్ వచ్చా?"

"అది బాగా వచ్చు సార్. రోజూ వాడతాను."

"రోజూ ఎక్కడ వాడతావమ్మా?"

"వాలీబాల్ కోర్టు గీసేటప్పుడు. మూల సరిగ్గా రావద్దూ! ఒక తాడు ఇప్పిస్తే చూపిస్తాను."

కోర్టులో తాడెక్కడిది? ఆమె చుట్టూ చూసి, మా పుస్తకాల కట్టలకు చుట్టిన నాడాలు చకచకా విప్పి ఒకదానికొకటి ముడేసింది. జానతో కొలిచి పన్నెండు సమాన భాగాలకు గుర్తు ముడులు వేసింది. రెండు కొసలూ కలిపి కోర్టు బంట్రోతు చేతిలో పెట్టింది. "అక్కడ నిలబడు నాయనా, కదలకు." మూడో ముడి నా చేతికిచ్చింది. అక్కణ్ణించి నాలుగు లెక్కపెట్టి, ఏడో ముడి పట్టుకుని ఎదుటి వకీలు దగ్గరికి నడిచింది.

"పట్టుకోండి సార్."

"నేనా? నేను ప్రతిపక్షమమ్మా!"

"తాడుకి పక్షాలుండవు సార్. లాగి పట్టుకోండి. ఇంకా బిగువుగా. అన్నం తినలేదా?"

కోర్టంతా గొల్లుమంది. ఊరంత గొంతు వకీలు బుద్ధిగా లాగాడు. తాడు మూడు పక్కలా బిగిసింది. ఒక పక్క మూడు, ఒక పక్క నాలుగు, ఎదర అయిదు. మూల నా చేతుల్లో! జడ్జిగారు బల్ల మీదనుంచి ముందుకు వంగి, ఒక లావుపాటి చట్టం పుస్తకం కిందికి అందించారు. దాని అంచును నా చేతుల దగ్గర ఆనించి చూస్తే వెంట్రుకవాసి తేడా లేదు. ముప్పై ఆరేళ్లు గంట కొట్టిన చేతులు, వణకలేదు. చెబితే గొప్పలంటారు గానీ, అంత కచ్చితమైన లంబకోణం ఆ కోర్టులో అంతకుముందు ఏర్పడి ఉండదు.

"మరి ఇలాగే ఎందుకు వస్తుందమ్మా?" అన్నారు జడ్జిగారు, చిన్నపిల్లాడిలా.

"అది నిరూపించడం నాకు రాదు సార్. నేను తాడు చూపించేదాన్ని. నిరూపణ మాస్టారిది. ఆయన చెబితే వినాలి, అబ్బ!"

అప్పుడు చూడాలి మా లెక్కల మాస్టారిని. నిరూపణ అన్న మాట చెవిన పడిందంటే ఆయన ఆగలేరు. అమాంతం లేచారు. చేతిలో ఉన్న కాగితం తిరగేసి, బల్ల మీద పరిచి బొమ్మ గీసేశారు. అది ఆయన వేసిన పిటిషన్ నకలే. ఈ భుజం మీద ఒక చతురస్రం, ఆ భుజం మీద ఒక చతురస్రం. గీస్తూ చెబుతూ, చెబుతూ గీస్తూ జడ్జిగారి బల్ల దాకా వెళ్లిపోయారు. వకీలు కోటు పట్టుకుని వెనక్కి లాగినా ఆగలేదు. "కాబట్టి ఈ రెండూ కలిపితే ఆ మూడోది! అర్థమైందా?" అని జడ్జిగారినే గద్దించారు. జడ్జిగారు "అయింది" అని తలూపారు.

ఊపి, మెల్లిగా అడిగారు. "మాస్టారూ, ఈ పాఠం మీ పిల్లలకు ఎన్ని పీరియడ్లలో అయిపోయేది?"

"రెండే సార్. మిగతా బళ్లలో ఆరు పడుతుంది."

"మీకు రెండే ఎందుకు?"

మాస్టారు తాడు వైపు చూశారు. ఇంకా కదలకుండా నిలబడ్డ బంట్రోతును చూశారు. ఆయన మొహంలో ఒక లెక్క నడిచింది. ముప్పై ఆరేళ్లు మొహాలు చూసినవాణ్ణి, నాకు తెలుస్తుంది.

"వాళ్లు తెలుసుకునే వచ్చేవాళ్లు సార్," అన్నారు. "మూల ఎలా వస్తుందో కళ్లారా చూసి వచ్చేవాళ్లు. నేను ఎందుకొస్తుందో చెబితే చాలు. ఇన్నాళ్లూ... నా గొప్పే అనుకున్నాను." బొమ్మ గీసిన కాగితాన్ని మడతపెట్టారు. "నేను రాసింది నిజం సార్. మొదటి రెండేళ్లు తప్ప."

"ఆ మొదటి రెండేళ్లు మీరింకా చేరలేదండీ," అంది టీచరమ్మ.

"అయితే మొత్తం నిజమే సార్!"

ఆయన వకీలు తాడు చేతిలో పట్టుకునే కూర్చుండిపోయాడు.

పద్దెనిమిది రోజులకు తీర్పు వచ్చింది. నేను చదివించుకోలేదు, నేనే చదివాను, అరుగు మీద నిలబడి, సందంతా వినేలా. పిల్లలకు తెలియనిది తెలిసేలా చేయడమే బోధన, అది గదిలోనా మైదానంలోనా అన్నది చూడనక్కర్లేదు, ఆమె అర్హురాలే, వెంటనే బాధ్యతలు అప్పగించాలి అని ఉంది. కండక్టరుగారు ఈల తీసి ఎంత గట్టిగా ఊదాడంటే, రోడ్డు మీద పోతున్న బస్సు నిజంగానే ఆగింది.

మర్నాడు పదింటికి బడిలో బాధ్యతల అప్పగింత. రిటైరైనా నన్ను పిలిచారు, సాక్షిగా. ఈమె నాకు పదో పెద్ద టీచరు. లెక్కల మాస్టారు తాళాల గుత్తి తెచ్చారు. నలభై రెండు తాళంచెవులు, ఏది దేనిదో చెప్పగలిగినవాణ్ణి నేనొక్కణ్ణే, చెప్పాను. కాగితం కింద పక్కపక్కనే రెండు గడులున్నాయి. అప్పగించినవారు, స్వీకరించినవారు. మాస్టారు తన గడిలో ముత్యాల్లాంటి సంతకం చేసి కలం ఆమె చేతికిచ్చారు. ఆయన మొహంలో బాధ ఉందేమో అని వెతికాను. ఉంది, కొంచెమే. నాలుగు నెలలు గడిస్తే ఈ గడిలో తనే సంతకం పెడతానని లెక్క వేసుకున్న మనిషి.

టీచరమ్మ కలం పట్టుకుంది. ముప్పై ఒక్కేళ్లు చిన్న చిన్న గడుల్లో పొట్టి సంతకాలు పెట్టిన చెయ్యి అది. ఆ రోజు పూర్తి పేరు రాసింది. దాని పక్కన ఇంటిపేరు. దాని కింద 'ప్రధానోపాధ్యాయురాలు' అని, దీర్ఘాలూ కొమ్ములూ ఒక్కటీ వదలకుండా. చోటు చాలలేదు. రాత గీత దాటి మాస్టారి గడిలోకి వెళ్లిపోయింది, ఆయన సంతకాన్ని తోసుకుంటూ.

మాస్టారు కళ్లజోడు పైకెత్తి చూశారు. "నా గడిలోకి వచ్చేశారేంటండీ?"

"మీరు కాస్త జరగండి మాస్టారూ," అంది ఆమె, తలెత్తకుండా. "ఇంకా పొల్లు పెట్టాలి."

"పొల్లెక్కడుందండీ అందులో?"

"లేకపోతే చుక్కయినా పెడతాను!" అని, కలం కాగితంలోకి దిగబడేంత గట్టిగా ఒక చుక్క పెట్టి, వెనక్కి వాలి కూర్చుంది.